పెల్లెట్ స్టవ్ పొగగొట్టం: అడ్డంగా వదిలేయాలా, పైకి లేపాలా?

అమెరికాలోని న్యూ హాంప్‌షైర్‌లో మా తమ్ముడు పాత ఇల్లు కొని, ఇల్లు వెచ్చగా ఉండటానికి పెల్లెట్ స్టవ్ (చెక్కపొట్టు గుళికలు కాల్చే పొయ్యి) పెట్టిస్తున్నాడు. స్టవ్ ఏదో తేలిపోయింది, పేచీ అంతా గొట్టం దగ్గరే. "గోడకి కన్నం పెట్టి అడ్డంగా బయటికి వదిలేస్తే మూడడుగుల గొట్టంతో అయిపోతుంది కదక్కా!" అంటాడు.

అయిపోతుంది, నిజమే. కట్టెల పొయ్యిలా ఇందులో పొగ తనంతట తాను లేవక్కర్లేదు, లోపలి ఫ్యాన్ దాన్ని బయటికి నెడుతుంది. అందుకే 3 అంగుళాల గొట్టం చాలు, ఖర్చూ తక్కువ. చిక్కల్లా మంచు తుఫానులో కరెంటు పోయినప్పుడే. ఫ్యాన్ ఆగిపోతుంది, లోపల గుళికలు మాత్రం ఇంకా కాలుతూనే ఉంటాయి. ఆ పొగ గదిలోకి తన్నుతుంది. గొట్టం మూతికి ఎదురుగాలి కొడితే మరీను. పైగా బయటి గోడంతా మసి.

రెండో పద్ధతిలో స్టవ్ వెనకాల 'T' ఆకారపు అతుకు (టీ) బిగించి, గొట్టాన్ని 3 నుంచి 5 అడుగులు నిలువుగా లేపి, అప్పుడు గోడ దాటిస్తారు. ఫ్యాన్ ఆగినా వేడి గొట్టం పొగను కొంతైనా పైకి లాగుతుంది. టీ అడుగున మూత తీస్తే బూడిద దులుపుకోవచ్చు. అయితే ఒక్కో 90 డిగ్రీల ఎల్బోని, అంటే మలుపు ముక్కని, 5 అడుగుల గొట్టం కింద లెక్కేస్తారు. మొత్తం లెక్క 15 అడుగులు దాటితే సాధారణంగా 4 అంగుళాలదే వేయాలి.

పాత చిమ్నీలోంచి పైదాకా స్టీల్ లైనర్ (చిమ్నీ లోపల దింపే గొట్టం) దింపితే పొగ లాగడంలో దాన్ని మించింది లేదు. కానీ తమ్ముడింట్లో ఆ చిమ్నీలో ఇప్పటికే ఆయిల్ ఫర్నేస్ (నూనెతో ఇంటిని వేడిచేసే యంత్రం) పొగ పోతోంది. రెండిటికీ ఒకటే దారి పనికిరాదు, కాబట్టి ఆ మాట వదిలేశాం.

నా ఓటు రెండోదానికే. ఏది పెట్టినా గొట్టం మాత్రం పెల్లెట్ స్టవ్‌కని చేసిన రెండు పొరలది కావాలి. బట్టల డ్రయ్యర్‌కి వాడే అల్యూమినియం గొట్టం దగ్గరికి కూడా రానివ్వద్దు. ఫ్యాన్ నెట్టే ఒత్తిడికి చిన్న సందులోంచైనా పొగ కారుతుంది గనక, అతుకులకి వేడి తట్టుకునే సిలికాన్ పూయాలి. పొగలో ఉండే విషవాయువు కార్బన్ మోనాక్సైడ్‌కి వాసన ఉండదు, దాన్ని పసిగట్టే అలారం పడకగది దగ్గరా ఉండాలి.

తమ్ముడు కన్నానికి పెన్సిల్‌తో గుర్తు పెట్టుకున్న చోటు సరిగ్గా పిల్లల గది కిటికీ కిందే. టేపు పెడితే రెండున్నర అడుగులే వచ్చింది. తెరిచే కిటికీకి కిందైనా పక్కనైనా 4 అడుగుల ఎడం కావాలి, నేల మీద పేరుకునే మంచుకి అందనంత ఎత్తూ ఉండాలి. గుర్తు చెరిపేసి హాల్లో సోఫా వెనక్కి మార్చాడు. ఇప్పుడు సోఫా ఎక్కడికి జరపాలన్నది మరదలి పేచీ.