ల్యాబ్‌లో వర్చువల్ స్విచ్‌లు: ఏళ్లుగా వాడుతున్న అనుభవంతో

తిరుపతిలో సాయంత్రాలు సీసీఎన్‌ఏ (నెట్‌వర్కింగ్‌లో సిస్కో కంపెనీ సర్టిఫికెట్ పరీక్ష) నేర్పుతుంటాను. స్విచ్‌లు కొని ఇంట్లో ర్యాక్ పెట్టుకునే స్తోమత మా పిల్లల్లో చాలామందికి ఉండదు. అందుకే మా ల్యాబ్ ఎక్కువగా ఈవీఈ-ఎన్‌జీ (కంప్యూటర్‌లోనే స్విచ్‌లు, రౌటర్లు నడిపే సాఫ్ట్‌వేర్) మీదే నడుస్తుంది.

రోజూ వాడేది సిస్కో ఐఓఎస్‌వీ ఎల్2 అనే వర్చువల్ స్విచ్. స్విచ్‌కు ఒక జీబీ ర్యామ్ ఇస్తే చాలు, 16 జీబీ ల్యాప్‌టాప్‌లో ఆరేడు స్విచ్‌లు హాయిగా నడుస్తాయి. వీలాన్ (ఒకే స్విచ్‌ను వేర్వేరు నెట్‌వర్కులుగా విడదీయడం), ట్రంక్ (ఒకే లింకులో పలు వీలాన్లు పంపడం), ఈథర్‌చానల్ (పలు లింకులను ఒకటిగా కలపడం), అన్నిటికీ అసలు స్విచ్‌లో కొట్టే కమాండ్లే.

ఒక్క తేడా మాత్రం తెలిసి ఉండాలి. రెండు స్విచ్‌ల మధ్య రెండు లింకులు వేసి, మామూలు స్పానింగ్ ట్రీ (లూపు రాకుండా అదనపు లింకును బ్లాక్ చేసే పద్ధతి) నడుస్తుండగా, రూట్ (ఆ పద్ధతిలో కేంద్రంగా ఎంపికైన స్విచ్) వైపు నుంచి ట్రాఫిక్ వెళ్లే పోర్టును షట్‌డౌన్ చేసి చూడండి. అసలు స్విచ్‌లైతే అవతలి పోర్టూ వెంటనే డౌన్ అవుతుంది. బ్లాక్‌లో ఉన్న రెండో పోర్టు లిజనింగ్ దశలో 15, లెర్నింగ్ దశలో 15, మొత్తం 30 సెకన్లలో పనిలోకి వస్తుంది. వర్చువల్ ల్యాబ్‌లో మాత్రం అవతలి పోర్టు అప్ అనే చూపిస్తుంది. మధ్యలో ఉన్నది కేబుల్ కాదు, లైనక్స్ బ్రిడ్జి (సాఫ్ట్‌వేర్‌తో చేసిన స్విచ్ లాంటిది) మరి. బీపీడీయూలు (స్పానింగ్ ట్రీ కోసం స్విచ్‌లు పంపుకునే సందేశాలు) రావడం లేదని ఆ స్విచ్ గ్రహించడానికే మ్యాక్స్ ఏజ్ టైమర్ ప్రకారం 20 సెకన్లు పడుతుంది. ఆ 30 కూడా కలిపితే మొత్తం 50. "సార్, 30 అన్నారు కదా?" అని ఎవరో ఒకరు అడుగుతారు. ఆ ప్రశ్న కోసమే ఎదురుచూస్తుంటాను. టైమర్ల సంగతి బుర్రకెక్కేది అప్పుడే.

ఎంల్యాగ్ (రెండు స్విచ్‌లు ఒకటిగా కనిపిస్తూ లింకులు కలపడం) నేర్చుకోవాలంటే అరిస్టా కంపెనీ వర్చువల్ స్విచ్ వీఈఓఎస్ మంచిది. రిజిస్టర్ చేసుకుంటే ఉచితంగా ఇస్తారు, నోడ్‌కు 2 జీబీ చాలు. మొదటిసారి ఆన్ చేశాక 'జీరోటచ్ క్యాన్సిల్' కొట్టాలి, అది రీలోడ్ అయ్యేదాకా ఆగాలి.

సిస్కో డేటా సెంటర్ వర్చువల్ స్విచ్ నెక్సస్ 9000వీ మాత్రం బరువు. ఒక్కదానికే 8 జీబీ పైన ఇవ్వాలి, బూట్ అయ్యేసరికి టీ తాగి రావచ్చు. మే నెలలో మధ్యాహ్నం కరెంటు పోయిందా, బూట్ లైను సేవ్ చేయని నోడ్ లోడర్ ప్రాంప్ట్ (ఏ సాఫ్ట్‌వేర్‌తో బూట్ అవ్వాలో చెప్పాల్సిన చోటు) దగ్గరే ఆగిపోతుంది. 'బూట్ ఎన్‌ఎక్స్‌ఓఎస్' లైను పెట్టి సేవ్ చేశాకే మిగతా పని మొదలుపెట్టండి. డేటా సెంటర్ వైపు వెళ్లేవాళ్లకు తప్ప ఇంకెవరికీ దీన్ని చెప్పను.

సిస్కో ఇమేజ్‌లు (ఈ వర్చువల్ స్విచ్‌ల సాఫ్ట్‌వేర్ ఫైళ్లు) ఎవరి డ్రైవ్ లింకులోంచో దించుకోవద్దు. సీఎంఎల్ (సిస్కో సొంత ల్యాబ్ సాఫ్ట్‌వేర్) ఉచిత వెర్షన్‌లో 5 నోడ్‌లు నడుస్తాయి, సీసీఎన్‌ఏ స్విచింగ్‌లో చాలా భాగం అందులోనే అయిపోతుంది.

పీఓఈ (నెట్‌వర్క్ కేబుల్‌లోనే కరెంటు ఇవ్వడం), స్టాకింగ్ కేబుళ్లు (పలు స్విచ్‌లను ఒకటిగా కలిపేవి), ఎస్‌ఎఫ్‌పీ (స్విచ్‌లో గుచ్చే ఫైబర్ మాడ్యూల్) సరిగా కూర్చోక లింకు రాకపోవడం వంటివి ఇందులో రావు. వాటిలో కొన్నిటికోసం మా ల్యాబ్‌లో పాత సిస్కో 2960 స్విచ్ ఒకటి ఉంచాను. ఇంటర్వ్యూకు వెళ్లేలోపు ప్రతి ఒక్కరూ దాని కన్సోల్ కేబుల్ తగిలించి పాస్‌వర్డ్ రికవరీ చేయాల్సిందే.