ఏడేళ్లుగా మా బల్ల మీద గౌగమేలా: 15 మిల్లీమీటర్ల అలెగ్జాండర్, డారియస్ సైన్యాల సమీక్ష

2018 వానాకాలంలో రెండు సైన్యాలు కొన్నాను. ఒకటి మాసిడోనియా రాజు అలెగ్జాండర్‌ది, ఇంకొకటి పర్షియా రాజు మూడో డారియస్‌ది. ఒక్కో బొమ్మ ఎత్తు 15 మిల్లీమీటర్లు, ఇంచుమించు బొటనవేలి గోరంత. లోహంతో పోసినవి, రంగు లేకుండా వస్తాయి. రంగులు మనమే వేసి, చిన్న చెక్క బేసుల మీద అతికించి, టేపుతో దూరాలు కొలుస్తూ, పాచికలు వేస్తూ ఆడాలి. నావి మూడు చోట్ల నుంచి తెప్పించి కలుపుకున్నవి, అందుకని ఏ బ్రాండు పేరూ చెప్పడం లేదు. ఈ ఇద్దరి సైన్యాలూ తలపడిన గ్రానికస్, ఇస్సస్, గౌగమేలా యుద్ధాలను ఇంట్లో బల్ల మీద ఆడుకోవాలని ఆశపడేవాళ్ల కోసం, ఏడేళ్లు వాడాక నాకు తెలిసింది రాస్తున్నాను.

ముందు ఖర్చు సంగతి. బొమ్మలు, రంగులు, కుంచెలు, కస్టమ్స్ సుంకం అన్నీ కలిపి 20,000 రూపాయలు దాటింది. రంగులు వేయడానికి పదకొండు నెలలు పట్టింది. రోజూ రాత్రి భోజనాలయ్యాక ఒక గంట. ఓపిక లేనివాళ్లు రంగు వేసినవే కొనుక్కోవచ్చు కానీ ధర బాగా పెరుగుతుంది.

మా లెక్క ఇది: పదాతి బేసు ఒక్కటి సుమారు 500 మందికి గుర్తు, ఆశ్వికుల బేసు 300 మందికి. అలెగ్జాండర్ వెంట ఆసియాలోకి వచ్చిన మాసిడోనియా ఈటెల వాళ్లు సుమారు 9,000 మంది, అంటే 18 బేసులు. హిపాస్పిస్టులనే మేలిరకం పదాతి 3,000, అంటే 6. కంపానియన్లు, అంటే రాజు సహచర ఆశ్వికులు 1,800, అంటే 6. గ్రీసులోని థెస్సలీ ప్రాంతపు ఆశ్వికులూ దాదాపు అంతే, ఇంకో 6. ఈ చివరి ఆరు బేసులను గుర్తుపెట్టుకోండి. మళ్లీ మళ్లీ వాటి దగ్గరికే వస్తాను.

వచ్చిన బొమ్మల్లో అన్నిటికన్నా పెద్ద లోపం సరిస్సాలు. సరిస్సా అంటే మాసిడోనియా పొడుగు ఈటె. ఫాలాంక్స్, అంటే ఈటెలు పట్టుకుని వరసల వెనక వరసలుగా నిలబడే పదాతి వ్యూహం, దాని ప్రాణమంతా అందులోనే ఉంది. అన్నిటికన్నా పొడుగు సరిస్సా 12 మూరలని అలెగ్జాండర్ కాలంవాడే అయిన థియోఫ్రాస్టస్ రాశాడు. మన కొలతలో సుమారు 5.5 మీటర్లు. ఆ లెక్కన బల్ల మీద దాదాపు 5 సెంటీమీటర్లు ఉండాలి. నాకు వచ్చినవి 3.5 సెంటీమీటర్లే, పైగా మెత్తటి లోహం. చెయ్యి తగిలితే చాలు, వంగిపోయేవి. మొత్తం 72 ఈటెలూ కోసేసి, కొబ్బరి ఈనెలు సన్నగా చీల్చి పెట్టాను. ఏడేళ్లలో నాలుగే విరిగాయి. ఈటెలు సరైన పొడుగుకి వచ్చాక ఆ బేసులను ఒకదాని వెనక ఒకటి నిలబెడితే ఫాలాంక్స్ అంటే ఏమిటో కంటికి కనిపిస్తుంది. వెనక వరసల మొనలు కూడా ముందువాడి భుజం దాటి బయటికొస్తాయి. తర్వాతి కాలపు ఫాలాంక్స్ గురించి రాసిన పాలీబియస్, ఐదు వరసల మొనలు ముందుకి పొడుచుకొచ్చేవంటాడు. ఎదురుగా వచ్చే మనిషి ఒక్కడే, వాడి ముందు ఈటెలు ఐదు. అదే బేసుని పక్కకి తిప్పాలని చూడండి, ఈనెలు పక్కవాటికి చిక్కుకుంటాయి. నిజం మనుషులకూ అదే బాధ. రెండు చేతులూ ఈటె మీద, చిన్న డాలు మెడ నుంచి వేలాడుతూ ఉంటే పక్క నుంచి వచ్చినవాణ్ణి ఎదుర్కోవడానికి ఏమీ మిగలదు.

రంగుల విషయంలో రెండు పాత కళాఖండాల ఫొటోలు నాకు గురువులు. పాంపేలో దొరికి ఇప్పుడు నేపుల్స్ మ్యూజియంలో ఉన్న అలెగ్జాండర్ మొజాయిక్ ఒకటి. సిడాన్‌లో 1887లో బయటపడి ఇస్తాంబుల్‌కు చేరిన రాతి శవపేటిక రెండోది. దాన్ని అలెగ్జాండర్ సార్కోఫాగస్ అంటారు. దాని మీద పాత రంగుల జాడలు ఇంకా ఉన్నాయి. పర్షియన్ల దుస్తుల మీద ఉండే పూల గళ్లు, పసుపు, ఊదా రంగులు వేస్తుంటే నాకు వాళ్ల మీద ప్రేమ పుట్టింది. బడి పుస్తకాల్లో వాళ్లు ఓడిపోవడానికే వచ్చినట్టు ఉంటారు. చేతుల్లోకి తీసుకుని ఒక్కొక్కరికీ కళ్లు దిద్దాక అలా అనిపించదు.

ఇక ఆట. మొదలుపెట్టడానికి గ్రానికస్ మంచిది. క్రీ.పూ. 334, చిన్న నది, గంటన్నరలో అయిపోతుంది. పర్షియా సామంతులు తమ ఆశ్వికులను ఒడ్డున నిలబెట్టి, కిరాయి గ్రీకు పదాతిని వెనక ఉంచారు. పంటలు తగలబెట్టి వెనక్కి తగ్గుదామని రోడ్స్ ద్వీపంవాడు మెమ్నన్ చెప్పిన సలహాను వాళ్లు వినలేదు. బల్ల మీద పర్షియా వైపు ఒక్కసారి ఆడితే ఆ ఒడ్డున ఆశ్వికులు ఎంత ఇరుకున పడతారో తెలుస్తుంది. ముందుకి ఉరికే వీలు లేని గుర్రం సగం గుర్రమే. ఈ యుద్ధంలో పర్షియా సామంతుడు స్పిత్రిడేటిస్ కత్తి ఎత్తి వెనక నుంచి అలెగ్జాండర్ మీద పడబోతుంటే, అలెగ్జాండర్ మనిషి క్లీటస్ అతని చెయ్యి నరికాడు. మా రూల్ ప్రకారం సేనాని స్వయంగా దాడిలోకి దిగిన ప్రతిసారీ ఒక పాచిక వెయ్యాలి, ఒకటి పడితే సేనాని పోయినట్టే. ఆ పాచిక చేతిలో పట్టుకున్నప్పుడు వచ్చే టెన్షన్ ఏడేళ్లయినా తగ్గలేదు.

మొదటి రెండేళ్లు నేనే అలెగ్జాండర్‌ని. మా బావమరిది డారియస్. నాకు తెలిసిన ఎత్తు ఒక్కటే: కుడివైపు కంపానియన్లను బాణపు ములికిలా నిలబెట్టి డారియస్ మీదికి దూకించడం. ఆ ములికి వ్యూహం గురించి, యుద్ధవ్యూహాల మీద గ్రీకులో పుస్తకం రాసిన ఆస్క్లెపియోడోటస్ చక్కటి పోలిక చెప్పాడు. కొంగలు ఎగురుతున్నప్పుడు లాగానే అందరి చూపూ ముందున్న నాయకుడి మీదే ఉంటుందట. కొంగల బారు చూసినవాళ్లకి ఇంకేం చెప్పక్కర్లేదు. కొసన ఉన్నది తిరిగితే బారంతా తిరుగుతుంది. వెడల్పుగా నిలబడిన దళం అంత త్వరగా దిక్కు మార్చుకోలేదు. మా రూల్స్‌లో కూడా ఈ వ్యూహానికి తిరగడం ఉచితం.

అయినా ఆ రెండేళ్లలో గౌగమేలా ఆడినప్పుడల్లా సగానికి పైగా ఓడిపోయాను. ప్రతిసారీ ఒకేలా. కుడివైపు నేను గెలుస్తూ ఉండగానే ఎడమవైపు కూలిపోయేది. "బావా, ముందు నీ ఎడమ చూసుకో" అనేవాడు మావాడు, డారియస్ కుడి పక్షం సేనాని మజియస్ గుర్రాలను నా థెస్సలీ ఆరు బేసుల చుట్టూ తిప్పుతూ.

అప్పుడు అలెగ్జాండర్ దండయాత్రల చరిత్ర రాసిన అర్రియన్ పుస్తకంలో ఆ భాగాలు మళ్లీ తీసి చదివాను, ఈసారి ఎడమవైపు మాత్రమే. ఇస్సస్‌లో, క్రీ.పూ. 333 నవంబరులో, డారియస్ తన గుర్రాల్లో ఎక్కువ భాగాన్ని సముద్రం వైపు పెట్టాడు. అక్కడ మాసిడోనియా ఎడమ పక్షం అలెగ్జాండర్ సేనాని పార్మెనియన్ చేతిలో ఉంది. అది చూసి అలెగ్జాండర్ థెస్సలీ ఆశ్వికులను ఫాలాంక్స్ వెనక నుంచి, శత్రువు కంట పడకుండా ఎడమకి పంపాడు. మధ్యలో పినారస్ నది గట్టు ఎక్కుతూ ఫాలాంక్స్ తెగింది, సెల్యూకస్ కొడుకు టాలెమీతో పాటు పేరున్న 120 మంది మాసిడోనియన్లు పోయారు. కుడివైపు విజయం వీళ్ల దాకా వచ్చేవరకూ ఎడమ నిలబడింది కాబట్టే ఆ యుద్ధం మిగిలింది. మేమిప్పుడు ఇస్సస్ ఆడేటప్పుడు ఫాలాంక్స్ ముందు ఒక అట్ట తెర పెట్టి, దాని వెనక థెస్సలీ బేసులను జరుపుతాం. ఆ తెర లేకుండా ఇస్సస్ ఆడటం దండగ.

గౌగమేలాకి మేం చేసిన మార్పు ఇంకా పెద్దది. కొన్నప్పుడు వచ్చిన రూల్ బుక్కులో మైదానం అంతా ఒకటే. కానీ డారియస్ తన కొడవళ్ల రథాల కోసం నేల చదును చేయించాడు. రథాలు 200. అందుకని బల్ల మధ్యలో ఒక పసుపు గుడ్డ పరుస్తాం. రథాలు ఆ గుడ్డ మీదే నడవగలవు. ఇంత చిన్న మార్పుతో యుద్ధం మొత్తం అర్థమైపోయింది. అలెగ్జాండర్ నేరుగా ముందుకి రాలేదు, కుడివైపుకి వాలుగా జరుగుతూ వచ్చాడు. బల్ల మీద బెత్తెడు బెత్తెడుగా అలా జరుపుతూ ఉంటే, గుడ్డ అంచు దగ్గర పడేకొద్దీ డారియస్‌గా కూర్చున్నవాడికి చెమటలు పడతాయి. ఇంకో రెండు విడతల్లో రథాలు పనికిరాకుండా పోతాయి. ఆపాలంటే తన ఎడమ నుంచి, అక్కడి సేనాని బెస్సస్ గుర్రాలను పంపాలి. పంపితే ఆ గుర్రాలకూ మధ్య పక్షానికీ నడుమ ఖాళీ పడుతుంది. పంపకపోతే నేల పోతుంది. ఆ ఖాళీలోకే అలెగ్జాండర్ కంపానియన్ల ములికిని తోలాడు. డారియస్ పిరికివాడని, తెలివితక్కువవాడని చాలామంది తేల్చేస్తారు. ఆ కుర్చీలో కూర్చుని చూస్తే, ఆ ఘడియలో అతనికి మంచి దారి ఒక్కటీ లేదు.

రథాలు మాత్రం బల్ల మీద కూడా నిరాశే. అలెగ్జాండర్ వైపు ఈటెలు విసిరే అగ్రియానియన్లు, బలాక్రస్ దళంవాళ్లు రథాలు తోలేవాళ్లను ముందే కొట్టేస్తారు, మిగిలినవాటికి వరసలు విడి దారి ఇస్తాయి. నాలుగు రథాల బొమ్మలకు పెట్టిన డబ్బుతో పర్షియా వైపు పోరాడిన బాక్ట్రియా ఆశ్వికులు ఇంకో డజను కొనుక్కోండి. ఏనుగులదీ అదే కథ. సింధు ప్రాంతపు భారతీయులు సుమారు 15 ఏనుగులతో వచ్చారని అర్రియన్ చెబుతాడు, కానీ పోరు వర్ణనలో అవి కనిపించవు. చివర్లో పార్మెనియన్ పర్షియా శిబిరంలో పట్టుకున్నవాటిలో ఉంటాయి. రూల్ బుక్కు వాటిని ముందు వరసలో పెట్టమంటుంది. మేం శిబిరంలోనే ఉంచుతాం.

మూడేళ్ల క్రితం నుంచి మా అమ్మాయి ఆడుతోంది. మొదటిరోజే, "నాన్నా, అలెగ్జాండర్ కుడి పక్షంలో ఉన్నాడు కదా, డారియస్ ఎప్పుడూ మధ్యలోనే ఎందుకుంటాడు?" అని అడిగింది. దీనికి గ్రీకు రచయిత జెనోఫాన్ ముందే జవాబు రాసిపెట్టాడు. మధ్యలో ఉంటే రెండువైపులా రక్షణ, ఆజ్ఞ పంపితే సగం సమయంలో చేరుతుంది. మాట బాగుంది. కానీ రాజు మధ్యలో ఉన్నప్పుడు ఆయన పారిపోవడం కూడా అందరికీ కనిపిస్తుంది. బాబిలోన్ వాళ్లు ఆకాశంలో చూసినవీ, జరిగిన సంగతులూ రోజువారీగా రాసుకున్న మట్టి పలక ఒకటి బ్రిటిష్ మ్యూజియంలో ఉంది. గౌగమేలా జరిగిన రోజు, మన లెక్కలో క్రీ.పూ. 331 అక్టోబరు 1, రాజు సైనికులు ఆయన్ని వదిలేసి తమ ఊళ్లకు పోయారని ఆ పలక చెబుతుంది. గ్రీకులు రాజు పారిపోయాడంటారు, బాబిలోన్ పలక సైన్యం రాజుని వదిలేసిందంటుంది. అందుకని మా ఇంట్లో రెండు రూల్స్ ఉన్నాయి. డారియస్ వెనక్కి తగ్గితే సైన్యమంతా ధైర్యం పాచిక వెయ్యాలి. మధ్య పక్షంలో సగం బేసులు చెదిరితే, డారియస్ ఇష్టం ఉన్నా లేకపోయినా తగ్గాలి.

ఇప్పుడు నేను ఎక్కువగా పార్మెనియన్‌ని ఆడుతున్నాను, అలెగ్జాండర్ మా అమ్మాయి. ముగ్గురం ఆడితే ఈ ఆట బాగా పండుతుంది. నా పని గెలవడం కాదు, ఆరేడు విడతలు చావకుండా ఉండటం. మజియస్ చుట్టూ తిరిగి వస్తాడు. క్రేటరస్ ఈటెల దళం నాకు ఆనుకుని ఉండాలి. అది ఆగితే పక్కనున్న సిమ్మియస్ దళం కూడా ఆగాలి. అలా ఆగినప్పుడే ముందుకి పోయిన ఫాలాంక్స్‌కీ ఆగినవాళ్లకీ మధ్య చీలిక పడి, పర్షియా, భారతీయ ఆశ్వికులు సామాన్ల దాకా దూసుకుపోయారు. అలెగ్జాండర్‌కి కబురు పంపాలంటే మేం ఒక గుర్రపు రౌతు బొమ్మను విడతకు రెండు జానల చొప్పున నడిపిస్తాం. రౌతు చేరేదాకా అమ్మాయికి నా పరిస్థితి తెలియనట్టే ఆడాలి. అర్రియన్ ప్రకారం, కబురు అంది అలెగ్జాండర్ వెనక్కి తిరిగినప్పుడు దారిలో జరిగిన గుర్రాల పోరులో అరవై మంది కంపానియన్లు పోయారు, అలెగ్జాండర్ ఆప్తమిత్రుడు హెఫేస్టియన్‌కి గాయమైంది. తీరా అలెగ్జాండర్ చేరేసరికి థెస్సలీ వాళ్లు తమకు తామే మజియస్‌ని వెనక్కి కొట్టేశారు. ఈ ఒక్క వాక్యం కోసమైనా ఆ ఆరు బేసులకు నేను అన్నిటికన్నా శ్రద్ధగా రంగులు వేసి ఉండాల్సింది. నిజానికి చివర్లో, తొందరలో వేశాను. పోయిన సంక్రాంతికి రంగు గీకేసి మళ్లీ వేశాను.

వాడకంలో తెలిసిన చిన్న విషయాలు. విజయవాడ గాలి తేమకి పల్చటి చెక్క బేసులు వానాకాలంలో ఉబ్బుతాయి, అడుగున కూడా వార్నిష్ వెయ్యాలి. బేసు కింద అయస్కాంతపు షీటు అతికించి ఇనుప ట్రేలో పెడితే అటక మీద నుంచి దించేటప్పుడు గుర్రాల కాళ్లు విరగవు. 6 అడుగుల బల్ల గ్రానికస్‌కి, ఇస్సస్‌కి చాలు, గౌగమేలాకి చాలదు. పర్షియా వరస మాసిడోనియా కుడి కొసను దాటి సాగాలి, ఆ భయం కనిపించాలంటే ఇంకో రెండు అడుగులు కావాలి. మేం పక్కన ఇస్త్రీ బల్ల కలుపుతాం.

ఈ ఆట చూపించలేనివి కూడా ఉన్నాయి. ఇస్సస్‌కీ గౌగమేలాకీ నడుమ దాదాపు రెండేళ్లు గడిచాయి. ఒక్క టైర్ నగరం ముట్టడికే ఏడు నెలలు పట్టింది. ఓడరేవులన్నీ పట్టుకుని పర్షియా నౌకాదళానికి నిలువ నీడ లేకుండా చేయడం, తిండిగింజలు, మేత, నీళ్లు, ఇవేవీ బల్ల మీదికి రావు. దుమ్ము కూడా రాదు. యుద్ధం మొత్తాన్ని పైనుంచి చూసే సౌకర్యం అలెగ్జాండర్‌కి గానీ డారియస్‌కి గానీ లేదు. మనకి ఉంది.

కొనేవాళ్లకి నా సలహా: రథాలు, ఏనుగులు వదిలేసి, థెస్సలీ ఆశ్వికులను మాత్రం రెండు బేసులు ఎక్కువే తెప్పించుకోండి. మేం ఇప్పుడు థర్మోకోల్‌తో కొండలు కోస్తున్నాం, క్రీ.పూ. 330 తొలినాళ్లలో పర్షియన్ గేట్ కనుమలో పర్షియా సేనాని అరియోబర్జనీస్ అలెగ్జాండర్‌ని ఆపిన యుద్ధం కోసం. ఈసారి పర్షియా వైపు తనే ఆడతానని మా అమ్మాయి ముందే చెప్పేసింది.