షికాగో నల్లవాడల పేదరికం: విల్సన్ వాదన మేలా, మాసీ–డెంటన్ వాదన మేలా?

ఇరుపక్షాల ముందున్నదీ ఒకే నగరం: షికాగో, ముఖ్యంగా దాని దక్షిణ భాగం. 1970ల తర్వాత అక్కడి నల్లవాడల్లో పేదరికం అంతగా ఎందుకు గూడుకట్టుకుంది? అమెరికన్ సామాజిక శాస్త్రవేత్త విలియం జూలియస్ విల్సన్ పోయిన ఉద్యోగాలను కారణంగా చూపిస్తారు. అదే రంగానికి చెందిన డగ్లస్ మాసీ, నాన్సీ డెంటన్ ఇళ్ల విషయంలో నల్లవారిని వేరుగా ఉంచిన వివక్షను చూపిస్తారు.

విల్సన్ 1978లో తెచ్చిన పుస్తకం పేరు ‘ది డిక్లైనింగ్ సిగ్నిఫికెన్స్ ఆఫ్ రేస్’. జాతి ప్రాధాన్యం తగ్గుతోందన్న ఆ పేరే దుమారం రేపింది; నల్లజాతి సామాజిక శాస్త్రవేత్తల సంఘం దాన్ని ఖండించింది. వివక్ష పోయిందని ఆయన అనలేదు. పౌరహక్కుల చట్టాల తర్వాత చదువుకున్న నల్లవారికి కొన్ని తలుపులు తెరుచుకున్నాయి, చదువులేనివారికి ఆధారమైన కార్ఖానా పని మాత్రం పోయింది అన్నారు. 1967–87 మధ్య షికాగో 3,26,000 కార్ఖానా ఉద్యోగాలను పోగొట్టుకుంది. బాగుపడినవారు వాడ విడిచి వెళ్లాక, మిగిలినవారికి ఫలానాచోట పని ఉందని చెప్పేవారు కూడా కరువయ్యారు.

వాదన బలమైనదే. కానీ కార్ఖానాలు మూతపడితే తెల్లవారి పనీ పోయింది కదా, వారి పేదరికం ఇలా కొన్ని వీధుల్లోనే ఎందుకు పేరుకోలేదు?

దీనికి జవాబు మాసీ, డెంటన్ 1993లో రాసిన ‘అమెరికన్ అపార్తీడ్’లో దొరుకుతుంది. నల్లవారు నగరమంతటా సమంగా సర్దుకోవాలంటే వారిలో నూటికి ఎందరు ఇల్లు మారాలో చెప్పే సూచీ ఒకటి ఉంది. 1980లో షికాగోకు అది దాదాపు 88. సంపాదన పెరిగిన నల్ల కుటుంబాలకూ ఆ అంకె పెద్దగా దిగలేదు. ఇదంతా దానంతట అది జరగలేదు. 1934లో పుట్టిన సమాఖ్య గృహనిర్మాణ సంస్థ నల్లవాడల్లో ఇళ్ల రుణాలకు దశాబ్దాల పాటు హామీ నిరాకరించింది. 1966లో ఈ వివక్షకు వ్యతిరేకంగా షికాగోలోని మార్క్వెట్ పార్కులో ఊరేగింపు తీసిన మార్టిన్ లూథర్ కింగ్ తలకు రాయి తగిలింది.

నా మొగ్గు మాసీ, డెంటన్ వైపే. అమెరికాలో చిరునామాను బట్టి బడి. ఆ బడికి డబ్బులో పెద్ద వాటా స్థానిక ఆస్తిపన్ను. అక్కడ స్థిరపడిన తెలుగు కుటుంబాలకు ఇది ఎవరూ చెప్పనక్కర్లేదు, ఇల్లు కొనేముందు బడి రేటింగు చూస్తారు, వంటగది ఆ తర్వాత. మధ్యతరగతి కూడబెట్టేదీ ఎక్కువగా ఇంటి విలువలోనే. 2022 ఫెడరల్ రిజర్వ్ సర్వేలో తెల్లవారి మధ్యస్థ కుటుంబ సంపద 2,85,000 డాలర్లు, నల్లవారిది 45 వేలకు కాస్త తక్కువ. జీతాల తేడా ఒక్కటే ఇంత అగాధం తవ్వలేదు.

అయితే 1970లలో షికాగోలో ఆ సూచీ పెరగలేదు, కాస్త తగ్గింది కూడా. మరి పేదరికం అప్పుడే ఎందుకు ఎగసింది? ఇక్కడ విల్సన్ లేకుండా కుదరదు. ఒకేచోట కట్టడి అయిన జనం మీద ఉద్యోగాల దెబ్బ పడితే పేదరికం ఎలా చిక్కబడుతుందో మాసీ, డెంటన్ కూడా లెక్కకట్టి చూపారు.

అసలు తేడా పరిష్కారంలో ఉంది. 1987లో వచ్చిన మరో పుస్తకంలో విల్సన్ జాతితో నిమిత్తం లేకుండా అందరికీ పని కల్పించే పథకాలు కోరారు. అలాగైతేనే జనం మద్దతు నిలుస్తుందన్నది ఆయన అంచనా. మాసీ, డెంటన్ ఇళ్ల వివక్ష నిషేధ చట్టాన్ని గట్టిగా అమలు చేయమంటారు. ఆ చట్టం 1968లోనే వచ్చింది. ఫిర్యాదు అందితే గృహనిర్మాణ శాఖ మాత్రం ఇరుపక్షాలకు నచ్చజెప్పడం తప్ప మరేమీ చేయలేకపోయేది. దానికి కోరలు వచ్చింది 1988 సవరణతో.