క్యారెక్టర్ నటుడికి సినిమా మేలా, టెలివిజన్ మేలా?

బ్రిటిష్ క్యారెక్టర్ నటుల్లో డెన్‌హోమ్ ఎలియట్ అనగానే సినిమా, డేవిడ్ సూషే అనగానే టెలివిజన్ గుర్తుకొస్తాయి. ఒకరు లెక్కకు మిక్కిలి చిత్రాల్లో చిన్న పాత్రలకు ప్రాణం పోశారు, మరొకరు ఒకే పాత్రను పాతికేళ్లు మోశారు. ఇలాంటి నటుడి ప్రతిభకు ఏ దారి మేలు అని అడిగితే నా ఓటు టెలివిజన్‌కే, అయితే సినిమా వైపు వాదన బలహీనమైనదేమీ కాదు.

ఎలియట్ 1980లలో ‘ట్రేడింగ్ ప్లేసెస్’లో బట్లర్‌గా, ‘ఎ ప్రైవేట్ ఫంక్షన్’లో డాక్టరుగా, ‘డిఫెన్స్ ఆఫ్ ది రెల్మ్’లో తాగుడుకు లొంగిన ముసలి విలేకరిగా నటించి, ఉత్తమ సహాయ నటుడిగా వరసగా మూడేళ్లు బ్రిటిష్ సినిమా పురస్కారం బాఫ్టా అందుకున్నారు. ఒకదానితో ఒకటి పొంతన లేని మూడు పాత్రలు అంత తక్కువ కాలంలో దొరకడం సినిమాలోనే సాధ్యం. ఆస్కార్ నామినేషన్ తెచ్చిన ‘ఎ రూమ్ విత్ ఎ వ్యూ’లో, ఫ్లోరెన్స్ బసలో భోజనాల బల్ల దగ్గర, తమ గదులకు మంచి దృశ్యం లేదని బాధపడుతున్న ఇద్దరు స్త్రీలకు తన గదీ, తన కొడుకు గదీ ఇచ్చేస్తామని ఆయన పట్టుబట్టే తీరు చూడండి, మర్యాదలు తెలియని మంచితనం క్షణంలో కళ్లకు కడుతుంది. కానీ కథ ఆయనది కాదు. ఆ తర్వాత కెమెరా యువజంట వెంట సాగిపోతుంది.

సూషే విషయంలో కథే ఆయనది. బ్రిటిష్ టీవీ ఛానల్ ఐటీవీలో 1989 నుంచి 2013 వరకు 70 భాగాల్లో ఆయన రచయిత్రి అగాథా క్రిస్టీ సృష్టించిన డిటెక్టివ్ హెర్క్యూల్ పాయిరోగా కనిపించారు. పాయిరో టీలో ఎన్ని చక్కెర ముక్కలు వేసుకుంటాడన్న సంగతితో సహా 93 లక్షణాలను రాసి పెట్టుకున్నారు. తొలి భాగాల్లో బట్టల ముడతల గురించి, మీసం గురించి బెంగపడే ఆ చిన్న మనిషి, 2010లో వచ్చిన ‘మర్డర్ ఆన్ ది ఓరియెంట్ ఎక్స్‌ప్రెస్’ చివర చట్టానికీ కరుణకూ మధ్య నలిగిపోయి, జపమాల బిగపట్టుకుని, కన్నీళ్లతో మంచులో నడిచిపోతాడు. అన్నేళ్లుగా అతణ్ని ఎరిగిన ప్రేక్షకుడికి ఆ నడక కలిగించే వేదనను రెండు గంటల సినిమా కలిగించలేదు. పాయిరో మరణించే భాగాన్ని సూషే కోరిక మీదే ముందుగా చిత్రీకరించి, చివరి చిత్రీకరణను క్రిస్టీ సొంత ఇల్లు గ్రీన్‌వేలో ముగించారు.

ఒకే పాత్ర ముఖానికి అతుక్కుపోతుందన్న భయం సహజమే. అయినా 2001లో బీబీసీ ‘ది వే వి లివ్ నౌ’లో ఘరానా మోసగాడు మెల్మాట్‌గా ఆయన్ను చూసినవారికి పాయిరో ఛాయ కూడా కనిపించదు. టెలివిజన్‌కున్న అసలు లోపం అనిశ్చితి. 1990ల చివర పాయిరో ధారావాహికే కొన్నాళ్లు ఆగిపోయింది. పని ఆగకుండా ఉండాలనుకునే నటుడికి సినిమాయే నయం.

పాత్రను లోతుగా పండించాలంటే మాత్రం నిడివి కావాలి. ఎలియట్‌కు కూడా ఆ అవకాశం 1985లో బీబీసీ ఎనిమిది భాగాలుగా తీసిన ‘బ్లీక్ హౌస్’లో దక్కింది. అందులో అనాథలను చేరదీసే జాన్ జార్న్‌డైస్‌గా ఆయన దయలోని ఒంటరితనాన్ని భాగం తర్వాత భాగంగా, తొందర లేకుండా విప్పి చూపారు.