మార్కెట్ థియేటర్ ‘ఒథెల్లో’ వీడియో డిస్కు: జాన్ కానీ నటనకు మూలం ఇక్కడుంది

హాలీవుడ్ సినిమా ‘బ్లాక్ పాంథర్’లో వకాండా అనే కల్పిత దేశపు పాత రాజు టి’చాకాను చూసి, ఆ పాత్ర పోషించిన దక్షిణాఫ్రికా నటుడు జాన్ కానీ అంతకుముందు ఏం చేశారో తెలుసుకోగోరే వారు మొదట కొనవలసింది, 1987లో జొహానెస్‌బర్గ్‌లోని మార్కెట్ థియేటర్ వేదికపై ఆడి, తరువాత టెలివిజన్ కోసం చిత్రీకరించిన షేక్‌స్పియర్ నాటకం ‘ఒథెల్లో’ డిస్కు. అందులో నల్లజాతి సేనాని ఒథెల్లో పాత్ర ఆయనదే. దర్శకురాలు జానెట్ సుజ్‌మన్. ఒకప్పుడు అక్కడి భారతీయుల పండ్ల మార్కెట్‌గా ఉన్న భవనమే ఈ థియేటర్ అని తెలిస్తే మన పాఠకులకు ఆసక్తి మరికొంత పెరుగుతుంది.

మూడు గంటలు దాటిన ఈ డిస్కులో బొమ్మ స్పష్టత ఆనాటి టెలివిజన్ స్థాయిలోనే ఉంది. పెద్ద తెర మీద చూసేవారికి అది కొంత వెలితిగా తోస్తుంది. అయినా రంగస్థలాన్ని సినిమాగా మార్చే ప్రయత్నం లేకపోవడం వల్ల నటుడి గొంతూ నిలుచున్న తీరూ చెక్కుచెదరకుండా మనకు అందుతాయి. వెనిస్ సభాసదుల ఎదుట ఒథెల్లో తన ప్రేమకథను చెప్పుకునే ఘట్టంలో జాన్ కానీ ఇంగ్లిషు పలుకుబడిలో మాతృభాష ఖోసా నడక వినిపిస్తుంది. దాన్ని లోపంగా ఎంచినవారున్నారు గాని, పరాయి నగరంలో పరాయి భాష మాట్లాడే సేనాని పాత్రకు అంతకంటే తగిన ఉచ్చారణ ఉండదని నా దృఢాభిప్రాయం. ఒథెల్లోపై కుట్ర పన్నే ఇయాగోగా రిచర్డ్ హేన్స్, ఒథెల్లో భార్య, తెల్లజాతి యువతి డెస్డిమోనాగా జోవన్నా వైన్‌బర్గ్ ఆయనకు దీటుగా నిలిచారు. నల్లవారికీ తెల్లవారికీ మధ్య పెళ్లిని నిషేధించిన చట్టం రద్దై అప్పటికి రెండేళ్లే; వేదికపై ఆ దంపతుల చనువును చూడలేక లేచి వెళ్లిపోయిన ప్రేక్షకులూ ఉన్నారు. దక్షిణాఫ్రికాలో ఒథెల్లో పాత్ర ధరించిన తొలి నల్లజాతి నటుడు ఆయనే కావడం వల్ల, ఆ దంపతులు ఒకరి చేయి ఒకరు పట్టుకునే చిన్న ఘట్టం కూడా మనల్ని కదిలిస్తుంది.

ఆ ధైర్యం అకస్మాత్తుగా వచ్చింది కాదు. 1943లో పోర్ట్ ఎలిజబెత్ సమీపంలోని న్యూ బ్రైటన్‌లో పుట్టి, 1965లో సర్పెంట్ ప్లేయర్స్ నాటక బృందంలో చేరిన ఆయన, నాటక రచయిత అథోల్ ఫ్యూగార్డ్, నటుడు విన్‌స్టన్ ఎన్‌షోనాలతో కలిసి ‘సిజ్వే బాన్సీ ఈజ్ డెడ్’, ‘ది ఐలాండ్’ నాటకాలను రూపొందించారు. ఆ రెండింటిలో నటనకు 1975లో ఎన్‌షోనాతో కలిసి అమెరికా రంగస్థల పురస్కారమైన టోనీ అందుకుని స్వదేశానికి తిరిగివచ్చాక, పోలీసుల దెబ్బలకు ఎడమ కన్ను కోల్పోయారు.

అంతర్జాతీయ సినిమా ఆయనకు విస్తృతమైన గుర్తింపు తెచ్చింది ఆ తరువాత ఎన్నో ఏళ్లకు. 2016 నాటి ‘కెప్టెన్ అమెరికా: సివిల్ వార్’లో వకాండా రాజు కుమారుడితో ఖోసాలో మాట్లాడటం ఆయన సూచనే. 2018లో ‘బ్లాక్ పాంథర్’లో యువ టి’చాకాగా ఆయన కుమారుడు అటాండ్వా కనిపించారు. 2019 నాటి ‘ది లయన్ కింగ్’లో రఫీకీకి ఆయన ఇచ్చింది గొంతు మాత్రమే; ఆ గొంతు బలమెంతో ఈ డిస్కు చూసినవారికి ఇట్టే అర్థమవుతుంది.

షేక్‌స్పియర్ ఇంగ్లిషు అలవాటు లేనివారు ముందుగా నాటకం కథ ఒకసారి చదువుకుని కూర్చోవడం మంచిది. నిడివి ఎక్కువ కనుక మూడో అంకం తరువాత ఆపి, మిగతాది మరునాడు చూడవచ్చు. మూడో అంకాన్ని మాత్రం మధ్యలో ఆపవద్దు.