వాట్సన్ హోటల్ నుంచి లిబర్టీ దాకా: ముంబయిలో తొలి సినిమా వీధుల వెంట

ముంబయిలో తొలితరం ప్రేక్షకులు సినిమా చూసిన చోట్లను వెతుక్కుంటూ వెళ్ళేవారు కొలాబాలో కాకుండా గిర్‌గావ్ ప్రాంతంలో బస చేయడం మేలు. చర్నీ రోడ్డు స్టేషన్ దగ్గర నేను దిగిన లాడ్జిలో గది ఇరుకు, వేడినీళ్ళు ఉదయం పూటే వచ్చేవి, అడిగిన దుప్పటి మర్నాటికి గాని అందలేదు. అయినా కిటికీ తెరిస్తే ఎదురుగా చాల్ వరండాలు: చాల్ అంటే గదికో సంసారం, అందరికీ కలిపి ఒకటే పొడవాటి నడవ. సాయంత్రమయ్యేసరికి ఇల్లు విడిచి బయటికి రాక తప్పని ఇటువంటి జనమే ఈ నగరంలో సినిమాను నిలబెట్టారని నాకు అక్కడే బోధపడింది.

సినిమా మాత్రం వీరి కోసం రాలేదు. 1896 జూలై 7న ఫ్రాన్సుకు చెందిన తొలితరం సినిమా రూపకర్తలు లూమియేర్ సోదరుల చిత్రాలను కాలా ఘోడా దగ్గరి వాట్సన్ హోటల్లో, రూపాయి టికెట్టుతో, ప్రధానంగా యూరోపియన్ల ఎదుట ప్రదర్శించారు. కొద్ది రోజులకే ఆటలు నావెల్టీ థియేటరుకు మారాక టికెట్టు నాలుగణాల నుంచి రెండు రూపాయల వరకు పలికింది, ఘోషా స్త్రీలకు విడిగా బాక్సులు కూడా ఏర్పాటయ్యాయి. ఇంగ్లండులో పోతపోసి తెచ్చిన ఇనుప చట్రంతో నిలబెట్టిన ఆ హోటల్ భవనం ఇప్పుడు శిథిలావస్థలో ఉంది. లోపలికి వెళ్ళలేకపోయినా, రోడ్డు మీది నుంచి ఆ ఇనుప స్తంభాలను చూడడానికైనా అక్కడ కాసేపు ఆగాలి.

గిర్‌గావ్‌లో చూడడానికి దాదాపు ఏమీ మిగలలేదు, నడవడానికి మాత్రం ఎంతో ఉంది. 1913 మే 3న దాదాసాహెబ్ ఫాల్కే తీసిన మూకీ చిత్రం ‘రాజా హరిశ్చంద్ర’ విడుదలైన కారొనేషన్ హాలు ఇక్కడిదే. అందులో హరిశ్చంద్రుని భార్య తారామతిగా నటించిన సాళుంకే అంతకుముందు గ్రాంట్ రోడ్డులో ఒక హోటల్లో పనిచేసిన యువకుడు. ఆడవాళ్ళు తెరమీదికి రావడానికి జంకిన కాలంలో నాయిక ఒక వంటింటి నుంచి దొరకడం ఈ వీధుల కథే. 1931 మార్చి 14న మన తొలి టాకీ ‘ఆలమ్ ఆరా’ ఆడిన మెజెస్టిక్ హాలు ముందు జనాన్ని అదుపు చేయడానికి పోలీసులు రావలసి వచ్చింది. ఆ హాళ్ళు రెండూ ఇప్పుడు లేవు, టాక్సీవాళ్ళకు పేర్లూ తెలియవు. పాత దుకాణాల్లోని పెద్దవాళ్ళను అడిగితే ఓపికగా దారి చూపుతారు.

ఒపేరా హౌస్‌ను 2016లో చక్కగా పునరుద్ధరించి తెరిచారు, అయితే కార్యక్రమం ఉన్న రోజు చూసుకుని వెళ్ళాలి. 1933 నాటి రీగల్ సినిమా హాల్లో చల్లని గాలి, నేలమాళిగలో కార్లు నిలిపే చోటు ఉండేవంటే అది ఎవరి కోసం కట్టిందో వేరే చెప్పనక్కర్లేదు. దక్షిణ బొంబాయిలోని పెద్ద హాళ్ళు హాలీవుడ్ చిత్రాలకు పీట వేసిన రోజుల్లో, హిందీ సినిమాకు అంతటి దర్జా కల్పించాలని 1949లో లిబర్టీని తెరిచారు. వీటన్నిటిలో నాకు ఎక్కువ నచ్చింది అదే.

ఒక్కరోజే వీలున్నవారు కాలా ఘోడాలో మొదలుపెట్టి, నడుస్తూ లిబర్టీ చేరి, మెరైన్ లైన్స్‌లో లోకల్ ఎక్కి చర్నీ రోడ్డులో దిగవచ్చు. ఆఫీసులు విడిచే వేళ మాత్రం లోకల్ వద్దు.