ఏడేళ్లు దాటిన పీఎస్4: గేమ్ అప్‌డేట్లతో మా ఇంటి అనుభవం

2018 సంక్రాంతికి ముందు నెల్లూరు ట్రంకు రోడ్డులో పీఎస్4 స్లిమ్ కొన్నాను. పీఎస్4 అంటే ప్లేస్టేషన్ 4, టీవీకి తగిలించి ఆడుకునే సోనీ వాళ్ల గేమ్ కన్సోల్. 500 జీబీది. మా ఊరు మైపాడు దారిలో, సముద్రానికి దగ్గర. రొయ్యల గుంటలు మా జీవనం. అదే కన్సోల్ ఇప్పటికీ మా టీవీ కింద ఉంది, ఇప్పటికీ ఆడుతున్నాం. గేములు ఎట్టా ఉంటాయో, బొమ్మ ఎంత బాగుంటుందో చెప్పేవాళ్లు చాలామంది ఉన్నారు. కొన్న తర్వాత ఏళ్ల తరబడి వాటికి అప్‌డేట్లు వేసుకుంటూ రావడం మన పల్లెటూరి కరెంటుతో, మన నెట్‌తో ఎంత పనో చెప్పినవాళ్లు మాత్రం నాకు కనపడలేదు. అందుకని ఆ ఒక్క విషయమే రాస్తున్నాను.

మొదటి రోజు సంగతి ముందు చెప్పాలి. చిన్నప్పుడు టీవీ గేముల్లో క్యాసెట్ గుచ్చితే చాలు, ఆట మొదలయ్యేది. ఇదీ అట్టాగే అనుకున్నాను. అక్క కొడుకు, తమ్ముడి కూతుళ్లు, పక్కింటి పిలకాయలు కలిపి ఏడుగురు టీవీ ముందు కూర్చున్నారు. డిస్క్ పెట్టాను. పీఎస్4లో ఆట డిస్క్ మీద నుంచి నేరుగా నడవదు, ముందు లోపలి హార్డ్ డిస్క్‌లోకి ఎక్కాలి. అది ఎక్కిన తర్వాత అప్‌డేట్ ఉందని చూపించింది, 12 జీబీ. నెట్ అంటే నా ఫోన్ హాట్‌స్పాట్ ఒక్కటే. ఆ సిమ్‌కి రోజుకు ఒకటిన్నర జీబీ. లెక్క వేస్తే ఎనిమిది రోజులు, అదీ ఫోన్‌ని ఇంక దేనికీ వాడకుండా ఉంటే. "మామా, ఇంకా ఎంతసేపు?" అని మేనల్లుడు అడుగుతుంటే ఏం చెప్పాలో తెలియలేదు.

రాత్రి మా బావమరిదికి ఫోన్ చేశాను. వాడు నెల్లూరులో మాగుంట లేఅవుట్‌లో ఉంటాడు, వాడి దగ్గర అప్పటికే ఈ కన్సోల్ ఉంది. "నెట్ తీసేసి తెరువు బావా, డిస్క్‌లో ఉన్నది ఉన్నట్టు ఆడుతుంది" అన్నాడు. నిజమే. హాట్‌స్పాట్ ఆపేసి తెరిస్తే ఆట మొదలైంది. ఒంటరిగా ఆడే కథ ఆటలు, ఒకే టీవీ ముందు ఇద్దరు కూర్చుని ఆడేవి చాలావరకు ఇట్టాగే నడుస్తాయి. నెట్‌లో వేరేవాళ్లతో ఆడాలంటేనే అప్‌డేట్ తప్పదు, అందరి దగ్గరా ఒకటే వెర్షన్ ఉండాలి కదా. కొత్తగా కొన్నవాళ్లు ఈ సంగతి మొదటి రోజే తెలుసుకోవాలి. తెలియక పిలకాయల్ని ఏడిపించిన ఇళ్లు నేను చూశాను.

అట్టాగని ఎప్పటికీ పాత వెర్షన్‌తోనే ఉండిపోలేం. డిస్క్ మీద ఉండేది దాన్ని అచ్చు వేసిన నాటి రూపం. ఆ తర్వాత తప్పులు దిద్దుతారు, కొత్తవి కలుపుతారు. 2016లో వచ్చిన నో మ్యాన్స్ స్కై అనే ఆట ఇందుకు మంచి ఉదాహరణ. వచ్చినప్పుడు చాలామంది నిరాశపడ్డారు. చేసినవాళ్లు దాన్ని వదిలిపెట్టలేదు, ఏళ్ల తరబడి పెద్ద పెద్ద అప్‌డేట్లు ఉచితంగా ఇస్తూ వచ్చారు. మొదటి డిస్క్‌తో నెట్ లేకుండా ఆడినవాడు, ఈరోజు అన్నీ వేసుకుని ఆడేవాడు ఒకే ఆట ఆడుతున్నారని నేను అనలేను. సైబర్‌పంక్ 2077 సంగతి ఇంకా పెద్దది. 2020 డిసెంబరులో వచ్చింది, వచ్చిన కొన్ని రోజులకే ప్లేస్టేషన్ స్టోర్ నుంచి తీసేశారు, మళ్లీ 2021 జూన్‌లో పెట్టారు. ఆ మధ్యలో వచ్చిన అప్‌డేట్లే దాన్ని నిలబెట్టాయి. అందుకే అప్‌డేట్‌ని తలనొప్పిగా చూడకూడదని నా నమ్మకం. మనం డబ్బు పెట్టి కొన్న ఆటలో అదీ ఒక భాగం.

నెట్ లేని ఆ మూడేళ్లు ఏం చేశానంటే, కన్సోల్‌ని పాత దుప్పట్లో చుట్టి సంచిలో పెట్టుకుని బస్సులో నెల్లూరు వెళ్లేవాణ్ణి. రెండు నెలలకోసారి, ఎట్టాగూ మేతకో మందులకో టౌనుకి పోయే పని ఉండేది. సాయంత్రం బావమరిది ఇంట్లో తగిలించి, రాత్రంతా ఎక్కించి, తెల్లారి తెచ్చుకునేవాణ్ణి. పెన్ డ్రైవ్‌లో తెచ్చుకోవచ్చు కదా అని కొందరు అడిగారు. కన్సోల్‌ని నడిపే సిస్టమ్ సాఫ్ట్‌వేర్ అయితే తెచ్చుకోవచ్చు. పెన్ డ్రైవ్‌లో పీఎస్4 అనే ఫోల్డర్, దాని లోపల అప్‌డేట్ అనే ఫోల్డర్, రెండు పేర్లూ ఇంగ్లిష్ పెద్ద అక్షరాల్లో పెట్టి, కంపెనీ సైట్ నుంచి దించిన ఫైలు అందులో వేస్తే తీసుకుంటుంది. ఆటల అప్‌డేట్లకు మాత్రం ఆ దారి లేదు. అవి నెట్‌లోనే రావాలి.

2020 చివర్లో మా వీధికి ఫైబర్ వచ్చింది. 40 ఎంబీపీఎస్ ప్లాన్. సెకనుకు 5 ఎంబీ, అంటే 50 జీబీ ఆట మూడు గంటల్లోపే దిగాలి. మొదట్లో అంత వేగం రాలేదు. రెండు మార్పులతో బాగుపడింది. ఒకటి, వైఫై వదిలేసి రౌటర్ నుంచి ల్యాన్ కేబుల్ లాగాను. రెండోది చాలామందికి తెలియదు. ఏదైనా ఆట వెనకాల తెరిచి ఉంటే పీఎస్4 డౌన్‌లోడ్‌ని బాగా తగ్గించేస్తుంది. ఆటని పూర్తిగా మూసేస్తే వేగం కళ్ల ముందే పెరుగుతుంది.

నెట్ వచ్చాక ఇక టెన్షన్ లేదనుకున్నాను. అసలు ఇబ్బంది అప్పుడే తెలిసింది: చోటు. ఏడేళ్ల వాడకంలో నేను అన్నిటికంటే ఎక్కువ నేర్చుకున్నది దీని గురించే, కాబట్టి కొంచెం వివరంగా చెబుతాను.

500 జీబీ అని పెట్టె మీద ఉంటుంది. సిస్టమ్‌కి పోను మన చేతికి వచ్చేది సుమారు 400 జీబీ. 90 జీబీ ఆట ఒకటి, 60వి రెండు, 40వి మూడు ఎక్కించానంటే 330 అయిపోయింది. ఇంకా 70 ఉందిగా అనుకుంటాం. ఒకరోజు ఆ 90 జీబీ ఆటకి 2 జీబీ అప్‌డేట్ వచ్చింది. చోటు చాలదని చూపించింది. 70 జీబీ ఖాళీ పెట్టుకుని 2 జీబీకి చోటు లేకపోవడం ఏంది అని గంటసేపు తల పట్టుకున్నాను. కారణం ఏమిటంటే, పీఎస్4 అప్‌డేట్‌ని దించుకుని పాత ఆట మీద అతికించి ఊరుకోదు. పాత ఫైళ్లనూ కొత్త వాటినీ కలిపి ఆటని మళ్లీ రాసుకుంటుంది. కాపీయింగ్ అని కనపడేది అదే. అది పూర్తయ్యేదాకా పాతదీ కొత్తదీ రెండూ పట్టేంత చోటు కావాలి. కాబట్టి అప్‌డేట్ సైజు చూసి లెక్క వేసుకోకూడదు, మన దగ్గర ఉన్న అన్నిటికంటే పెద్ద ఆట సైజు చూసుకోవాలి. మా ఇంట్లో పెద్దది 90 కాబట్టి ఎప్పుడూ 100 జీబీ ఖాళీగా ఉంచుతాను. ఆ నియమం పెట్టుకున్నాక ఆ మెసేజ్ మళ్లీ రాలేదు.

కాపీయింగ్‌కి పట్టే టైమ్ కూడా ఇందుకే ఎక్కువ. 2 జీబీ ఏడు నిమిషాల్లో దిగింది, కాపీ అవడానికి ముప్పావు గంట పైన పట్టింది. నెట్ స్లో అని కేబుల్ ఆయనకి ఫోన్ చేసి మాట్లాడాను కూడా. ఆయన తప్పేం లేదు. అప్పుడు పనిచేసేది మన ఇంట్లో తిరిగే హార్డ్ డిస్క్. లోపలి డిస్క్ తీసేసి ఎస్‌ఎస్‌డీ, అంటే తిరిగే భాగాలు లేని వేగమైన డిస్క్, వేసుకుంటే ఈ టైమ్ తగ్గుతుంది, స్లిమ్‌లో ఆ డిస్క్‌ని మనమే మార్చుకోవచ్చు. పీఎస్5 కోసం చేసిన ఆటలకైతే ఈ కాపీయింగ్ బాధ దాదాపు లేదు. బావమరిది దగ్గర చూశాను, దిగడం, ఆడుకోవడం, అంతే.

చోటు కోసం ఆటలు తీసేయాల్సి వచ్చినప్పుడు మా మేనల్లుడు కంట్రోలర్ ఇచ్చేవాడు కాదు. ఫుట్‌బాల్ ఆటలో రెండేళ్లుగా నడిపిస్తున్న వాడి టీమ్ పోతుందని భయం. వాడి భయం నాకు అర్థమైంది. ఒక చిన్న ఆటని వాడి ముందే తీసేసి, మళ్లీ ఎక్కించి, ఆగిన చోట నుంచి మొదలవడం చూపించాను. సేవ్‌లు, అంటే మనం ఎక్కడిదాకా ఆడామో గుర్తుంచుకునే ఫైళ్లు, వేరే చోట ఉంటాయి, ఆటని తీసేసినా అవి పోవు. అయినా సెట్టింగ్స్‌లోకి వెళ్లి నెలకోసారి వాటిని పెన్ డ్రైవ్‌లోకి కాపీ చేసి బీరువాలో పెడతాను. దానికి ఏ నెలవారీ చందా అక్కర్లేదు. అన్నీ కలిపినా 3 జీబీ లేవు. వాటి వెనక పిలకాయల ఎన్ని సెలవులు ఉన్నాయో చూస్తే ఆ ఐదు నిమిషాల పని మానబుద్ధి కాదు.

ఆ తర్వాత 2 టీబీ బయటి హార్డ్ డిస్క్ తగిలించాను. 2017లో వచ్చిన 4.50 సిస్టమ్ సాఫ్ట్‌వేర్ నుంచి ఈ వీలు ఉంది. యూఎస్‌బీ 3.0ది, 250 జీబీ నుంచి 8 టీబీ దాకా ఏదైనా సరిపోతుంది. ఆటలు మాత్రమే అందులోకి పోతాయి, సేవ్‌లు లోపలే ఉంటాయి. నా దృష్టిలో పీఎస్4కి పెట్టిన ఖర్చులో అన్నిటికంటే పనికొచ్చింది ఇదే. అయితే కన్సోల్ రెస్ట్ మోడ్‌లో, అంటే పూర్తిగా ఆగకుండా నిద్రలో, ఉండగా ఆ డిస్క్ వైరు లాగకూడదు. కరెంటు పోయినా ఆ వైరు లాగినట్టే.

కరెంటు సంగతికి వస్తున్నాను. 2023 డిసెంబరు మొదటి వారం, మిచౌంగ్ తుపాను. 5వ తేదీన బాపట్ల దగ్గర తీరం దాటింది, అంతకు ముందు రెండు రోజులూ మా దగ్గర ఆగని వాన. నేను గుంటల దగ్గర ఉన్నాను, గట్లు చూసుకోవాలి, జనరేటర్ చూసుకోవాలి. ఇంట్లో కన్సోల్ రెస్ట్ మోడ్‌లో పెట్టి ఉంది, ఒక పెద్ద ఆట అప్‌డేట్ నడుస్తోంది. ఆ సంగతే మర్చిపోయాను. కరెంటు పోయింది, వచ్చింది, మళ్లీ పోయింది. మూడో రోజు స్థిమితపడి తెరిస్తే, సరిగ్గా ఆపలేదని చెప్పి డిస్క్‌ని తనిఖీ చేసుకుంది. బయటి డిస్క్‌ని రిపేర్ చేయాలంది. చేసింది. అన్నీ బాగున్నాయి, ఆ ఒక్క ఆట మాత్రం డేటా పాడైందని తెరుచుకోలేదు. తీసేసి 60 జీబీ మళ్లీ దించుకున్నాను. సేవ్ క్షేమంగా ఉంది.

ఇంట్లో ఇన్వర్టర్ ఉంది కదా అని ధైర్యంగా ఉన్నాను అప్పటిదాకా. కరెంటు పోయి ఇన్వర్టర్ అందుకునే ఆ రెప్పపాటు చాలు కన్సోల్ ఆగిపోవడానికి. మా ఇన్వర్టర్ వెనక ఒక చిన్న స్విచ్ ఉంది, నార్మల్, యూపీఎస్ అని రెండు వైపులు. అది ఇన్నేళ్లూ నార్మల్‌లోనే ఉంది. యూపీఎస్ వైపు తిప్పాక మారడం తెలియడం లేదు, కన్సోల్, రౌటర్ రెండూ ఆగడం లేదు. మీ ఇన్వర్టర్ వెనక కూడా ఒకసారి చూడండి. తుపాను హెచ్చరిక వస్తే మాత్రం నేను రెస్ట్ మోడ్ పెట్టను. పూర్తిగా ఆపి ప్లగ్ తీసేస్తాను. మనకు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా ఆ జాగ్రత్త తప్పదు.

మామూలు రోజుల్లో ఇప్పుడు పద్ధతి ఇది. సెట్టింగ్స్‌లో ఆటోమేటిక్ డౌన్‌లోడ్స్‌లో అప్లికేషన్ అప్‌డేట్లు ఆన్ చేసి, రెస్ట్ మోడ్‌లో నెట్‌కి కనెక్ట్ అయి ఉండేటట్టు పెట్టాను. రాత్రి ఆడటం అయ్యాక ఆట మూసేసి రెస్ట్ మోడ్‌లో పెడతాం. తెల్లవారుజామున గుంటల నీళ్లలో ఆక్సిజన్ బాగా తగ్గుతుంది, అందుకని మూడింటికి లేచి నీళ్లకి గాలి అందించే ఏరియేటర్లు చూడటానికి పోవడం నాకు అలవాటే. పోతూ హాల్లో ఆ నారింజ రంగు లైటు చూసుకుంటాను. వచ్చేసరికి ఏదైనా మిగిలి ఉంటే తెరిచి చూస్తాను. ఆట మీద ఆప్షన్స్ బటన్ నొక్కితే అప్‌డేట్ ఉందో లేదో అడగొచ్చు, ఏం మార్చారో కూడా అక్కడే చదువుకోవచ్చు. ఏం మారిందో చదవడం నాకు ఇష్టం. ఎవరో ఎక్కడో కూర్చుని, మనకు ఎదురైన తప్పునే దిద్దారని చూస్తే సంతోషంగా ఉంటుంది.

సిస్టమ్ అప్‌డేట్లు కూడా వాయిదా వేయకండి. కన్సోల్ లోపల గడియారం కోసం ఒక చిన్న బిళ్ల బ్యాటరీ ఉంటుంది. అది అయిపోతే ఆటలు తెరుచుకోవడమే కష్టమవుతుందని ఆడేవాళ్లంతా ఒకప్పుడు కంగారుపడ్డారు. 2021 సెప్టెంబరులో వచ్చిన 9.00 తర్వాత ఆ భయం తగ్గింది. మాలాంటి పాత కన్సోల్‌కి ఇది చిన్న విషయం కాదు.

ఒక బెంగ మాత్రం ఉంది. పీఎస్4కి అప్‌డేట్లు తగ్గిపోతున్నాయి. సైబర్‌పంక్‌కి 2023 సెప్టెంబరులో వచ్చిన 2.0 అప్‌డేట్ పీఎస్4కి ఇవ్వలేదు, పీఎస్5 లాంటి కొత్త కన్సోళ్లకూ కంప్యూటర్లకే ఇచ్చారు. ఇట్టాంటివి ఇంకా వస్తాయి. ఏదో ఒక రోజు పాత అప్‌డేట్లు దించుకోవడం కూడా కష్టం కావచ్చు. డిస్క్ చేతిలో ఉన్నా అది మొదటి రోజు ఆటే కదా. అందుకని మాకు ప్రాణమైన పదకొండు ఆటలను చివరి అప్‌డేట్ దాకా ఎక్కించి ఆ 2 టీబీ డిస్క్‌లో ఉంచాను. చోటు చాలకపోయినా వాటి జోలికి పోను.

పీఎస్4 వాడిన దాన్ని ఇప్పుడు కొనొచ్చా అని మా ఊళ్లోనే ఇద్దరు అడిగారు. ఇంట్లో ఫైబర్ నెట్ ఉండి, బయటి డిస్క్‌కి, యూపీఎస్ మోడ్ ఉన్న ఇన్వర్టర్‌కి డబ్బు పెట్టగలిగితే కొనమన్నాను. నెట్ ఫోన్‌దే అయితే, నెట్ లేకుండా ఇద్దరు కూర్చుని ఆడే ఆటల డిస్కులు చూసి కొనుక్కోమన్నాను. సముద్రం గాలికి యూఎస్‌బీ పిన్నులు తుప్పు పడతాయి, వాడనప్పుడు గుడ్డ కప్పి ఉంచమని కూడా చెప్పాను.

మా మేనల్లుడు ఇప్పుడు ఒంగోలులో ఇంటర్ చదువుతున్నాడు. సెలవులకు రావడానికి రెండు రోజుల ముందు ఫోన్ చేస్తాడు. "మామా, అన్నీ ఎక్కించావా?" అంటాడు. పోయినసారి అడిగేసరికి అన్నీ ఎక్కి ఉన్నాయి, 112 జీబీ ఖాళీగా కూడా ఉంది.